దావా ఖర్చు ఎవరు భరించవలెను?

హక్కు కలదని శాసనము చెప్పుట ఒక యెత్తు. ఆ హక్కును న్యాయస్థానమున నిలబెట్టుకొనుట మరియొక యెత్తు. మొదటిదానికి గ్రంథమున ఒక పంక్తి చాలును. రెండవదానికి స్టాంపు కావలెను, వకీలు కావలెను, సాక్షులకు బత్తా కావలెను, వాయిదాలకు తిరుగుటకు కాళ్లలో సత్తువయు చేతిలో చిల్లరయు కావలెను. పులివెందుల ప్రాంతపు వేరుసెనగ రైతైనను, జమ్మలమడుగు ప్రాంతమున మగ్గమును నమ్ముకొన్న నేతగాడైనను, ప్రొద్దుటూరు బజారులో మూటలు మోయు కూలియైనను, కోర్టుకు పోయిన నాడు ఆనాటి సంపాదన పోగొట్టుకొననిదే వాయిదా తీరదు.

పౌరహక్కుల వ్యాజ్యములలో ఈ చిక్కు మరింత బిగియును. అప్పు దావా గెలిచినవానికి అసలును వడ్డీయు చేతికి వచ్చును. అందుండి వకీలుకు ఇచ్చుకొనవచ్చును. భూమి దావా గెలిచినవానికి భూమి దక్కును. కాని తన్ను అకారణముగా నిర్బంధించిరని, ఊరిబావిలో నీరు తోడనీయలేదని, చెరసాలలో తన ప్రాణమునకు రక్షణ లేకపోయెనని న్యాయస్థానమునకు పోయినవానికి గెలిచిన పిమ్మట దక్కునది పలుమారులు గౌరవము మాత్రమే. ఆ గెలుపువలన లాభము ఊరందరిది. ఖర్చు మాత్రము ఒక్కనిది. అందుచేత అట్టి దావాలో వకీలు ఫీజు ఎవరీయవలెను, ఆ సహాయమునకు ఎవరు అర్హులు అను ప్రశ్న పుట్టినది.

ఈ ప్రశ్నకు లోకమున రెండు తీరుల సమాధానము కనబడుచున్నది. అమెరికా దేశము వ్యాజ్యము ముగిసిన పిమ్మట, 'గెలిచినదెవరు?' అని యడుగును. మన దేశము వ్యాజ్యము మొదలుకాకమునుపే, 'నీవెవరవు? నీకేమున్నది?' అని యడుగును. ఈ రెండు ప్రశ్నలు ఎట్లు పుట్టినవో, ఒక్కొక్కటి ఎవరిని లోనికి రానిచ్చి ఎవరిని బయట నిలిపినదో చెప్పుటయే మా ఉద్దేశము.

మన సీమనుండియే మొదలిడుదము. 1800వ సంవత్సరమున నిజాము ఈ ప్రాంతమును ఇంగ్లీషు కంపెనీకి దత్తము చేసెను. కనుకనే దత్తమండలమను పేరు వచ్చినది. ఆ సంవత్సరము మొదలు 1807వరకు తామస్ మన్రో ఇచ్చట ప్రధాన కలెక్టరుగా నుండి, ఊరూర గుడారము వేసికొని రైతుల మొరలు వినెను. దూరమున జిల్లాకోర్టు పెట్టి, వ్రాతకోతల వ్యవహారముతో పల్లెటూరివాని తగవు తీర్చుట అతనికి సరిపడలేదు. తరువాత న్యాయవ్యవస్థను సంస్కరించు కమీషనుకు అతడే పెద్దయై వచ్చినప్పుడు, 1816లో మద్రాసు ప్రభుత్వము కొన్ని రెగ్యులేషనులు చేసినది. వాని ప్రకారము పది రూపాయలకు మించని దావాలను గ్రామ మునసబు తీర్చవచ్చును. గ్రామ పంచాయతికిని అధికారము లభించెను. న్యాయమును మనిషి గడపకు తెచ్చినచో ఖర్చు తగ్గునన్నది ఆ ఏర్పాటులోని తలంపు.

కాని పది రూపాయల తగవు వేరు, సర్కారుమీద తగవు వేరు. గ్రామ మునసబు సర్కారు ఉద్యోగియే. సర్కారు చేసిన అన్యాయమును అతనితో చెప్పుకొని ఫలమేమి? పెద్ద దావాకు పెద్ద కోర్టుకే పోవలెను. అచ్చట కోర్టు ఫీజు దావా విలువనుబట్టి పెరుగును. ఎంత పెద్ద అన్యాయము జరిగెనో అంత పెద్ద స్టాంపు కొనవలెను. పేదవానికి ఇది ఇనుపతలుపు వంటిది.

ఆ తలుపులో ఒక చిన్న కిటికీని ఆనాటివారే తెరచిరి. దానిని మన కోర్టులలో పాపరు దావా అనిరి. 1859నాటి సివిల్ ప్రొసీజరు కోడులోనే అందుకు నియమములున్నవి. 1908నాటి కోడులో ముప్పదిమూడవ ఆర్డరు మొత్తము దీనికే కేటాయింపబడినది. కోర్టు ఫీజు కట్టగల ఆస్తి లేనివాడు పాపరు. అట్టి ఫీజు నిర్ణయము కాని దావాలలో, కట్టుబట్టలును దావాలోని ఆస్తియు విడిచి లెక్కించినప్పుడు నూరు రూపాయల విలువగల సొత్తు లేనివాడు పాపరు. ఒంటిమీది బట్టలను మినహాయించుటకు కూడ శాసనమున మాట వ్రాయవలసి వచ్చినదన్న సంగతి గమనింపదగినది. దరఖాస్తు రాగానే ప్రతివాదికిని గవర్నమెంటు ప్లీడరుకును నోటీసు పోవును. ఇతడు నిజముగా బీదవాడా కాడా అని విచారణ జరుగును. అనగా తనకు జరిగిన అన్యాయమును రుజువు చేయుటకు ముందు తన దారిద్ర్యమును రుజువు చేసికొనవలెను. అదియును ఎదుటిపక్షమువారి సమక్షమున.

ఇంత జరిగి అర్హుడని తేలినను అతనికి దొరకినది కోర్టు ఫీజు మినహాయింపు మాత్రమే. సమనులు పంపుటకు కట్టవలసిన బత్తా అతడే కట్టవలెను. వకీలును కోర్టు ఏర్పాటు చేయదు. ఒకవేళ గెలిచెనా, మినహాయించిన ఫీజును లెక్కగట్టి, ఎవరు చెల్లించవలెనో కోర్టు నిర్ణయించును. ఆ బాకీ దావాలో వచ్చిన సొత్తుమీద మొదటి భారముగా నిలుచును. కిటికీ తెరచుకొనెను గాని, అందులోనుండి దూరుటకు మనిషి మిక్కిలి సన్నబడవలసి వచ్చెను.

ప్రాణము పోవు వ్యవహారములందైనను వకీలు తప్పక లభించుచుండెనా యన్నచో, ఆ సంగతిని తెలుగునాటి వ్యాజ్యమొకటి చెప్పుచున్నది. తెలంగాణ రైతాంగ పోరాటకాలమున హైదరాబాదు రాజ్యములోని ప్రత్యేక ట్రిబ్యునళ్లు కొందరికి మరణశిక్ష విధించెను. విచారణలో తమకు న్యాయవాది లేకపోయెనన్న వాదముతో వారు సుప్రీంకోర్టుకెక్కిరి. వారి పక్షమున వాదించుటకు ఇంగ్లండునుండి డి. ఎన్. ప్రిట్ అను ప్రసిద్ధ న్యాయవాది వచ్చెను. జనార్దనరెడ్డి వ్యాజ్యమని పేరుపడిన ఆ కేసులో 1951 మార్చిలో సుప్రీంకోర్టు తీర్పు చెప్పుచు, మరణశిక్ష పడు కేసులో ముద్దాయికి వకీలు లేనంతమాత్రమున ప్రతి విచారణయు చెల్లకపోవునని నియమముగా చెప్పజాలమనెను. రాజ్యాంగము అమలులోనికి వచ్చి అప్పటికి ఏడాది దాటినది. తనకిష్టమైన న్యాయవాదిని పెట్టుకొను హక్కు అందులో నున్నది. పెట్టుకొను స్తోమత లేనివానికి ఏమి చేయవలెనో ఆ అధికరణములో లేదు.

ఇచ్చట కొంతసేపు మన సీమ విడిచి అమెరికాకు పోవలసియున్నది. ఏలయన పౌరహక్కుల దావాలో వకీలు ఫీజునకు అర్హులెవరన్న చర్చ శాస్త్రముగా పెరిగినది అచ్చటనే. ఇంగ్లండులో ఓడినవాడు గెలిచినవాని ఖర్చు నిచ్చుకొనవలెనన్నది పాత సంప్రదాయము. అమెరికాలో అట్లు కాదు. ఎవరి వకీలు ఖర్చు వారిదే. ఈ పద్ధతివలన హక్కుల దావాలకు వచ్చు నష్టమును 1964నాటి పౌరహక్కుల చట్టము గుర్తించి, గెలిచినవానికి ఫీజు ఇప్పించు అధికారమును కోర్టుకిచ్చెను. దక్షిణ కరోలినాలో పిగ్గీ పార్క్ అను భోజనశాలల యజమాని నల్లజాతివారికి తక్కినవారితో సమానముగా వడ్డింప నిరాకరించెను. ఆ దావాలో 1968లో అమెరికా సుప్రీంకోర్టు, ఇట్టి వాది తనకొరకే కాక ప్రజలందరికొరకు పోరాడు స్వచ్ఛంద అటార్నీ జనరల్ వంటివాడనియు, అతడు గెలిచినప్పుడు ఫీజు ఇప్పించుట సామాన్యముగా జరుగవలసినదేననియు చెప్పెను.

ఆ ఉత్సాహమునకు 1975లో అడ్డు తగిలినది. శాసనసభ స్పష్టముగా చెప్పనిదే ఫీజును ఎదుటిపక్షముమీద వేయు అధికారము కోర్టులకు లేదని అలియెస్కా పైప్‌లైను కేసులో తీర్పు వచ్చినది. మరుసటి యేడే, 1976 అక్టోబరులో, అమెరికా కాంగ్రెసు పౌరహక్కుల దావాలకు వర్తించునట్లు వకీలు ఫీజుల చట్టము చేసినది. గెలిచిన పక్షమునకు సముచితమైన ఫీజును కోర్టు ఇప్పించవచ్చునన్నది అందలి సారాంశము.

'గెలిచిన పక్షము' అను రెండు మాటల అర్థము తేల్చుటకు అర్ధశతాబ్దము పట్టినది. ప్రతివాది గెలిచినచో అతనికిని ఫీజు దొరకునా? దావా పస లేనిదై ఉత్త వేధింపుగా నున్నప్పుడే దొరకునని 1978లో తేలినది. లేనియెడల బీదవాడు భయపడి దావాయే వేయడు. నష్టపరిహారముకంటె ఫీజు ఎక్కువ కావచ్చునా? కాలిఫోర్నియాలోని రివర్‌సైడ్ పట్టణమున పోలీసులు వారంటు లేకుండ ఒక ఇంటి విందుపై పడిన దావాలో వాదులకు వచ్చినది 33,350 డాలర్లు. వకీళ్లకు ఇప్పించినది 2,45,456 డాలర్లు. హక్కు విలువ రొక్కముతో తూగదని చెప్పుచు 1986లో సుప్రీంకోర్టు దానిని నిలిపినది. మరి కోటీ డెబ్బది లక్షల డాలర్లు కోరి ఒకే ఒక్క డాలరు గెలిచినవాని మాటయేమి? అతడు గెలిచినవాడే, అయినను అతనికి తగిన ఫీజు సున్నయని 1992లో చెప్పిరి.

ఇంకొక చిక్కు మిగిలినది. దావా వేసిన భయమునకు ప్రభుత్వమే తన తప్పు దిద్దుకొని, తీర్పు రాకమునుపే చట్టము మార్చినచో వాది గెలిచినట్లా? కాదని 2001లో బకానన్ కేసులో చెప్పిరి. 2025 ఫిబ్రవరి 25న వచ్చిన తీర్పు ఇంకొక మెట్టు ముందుకు పోయినది. వర్జీనియా రాష్ట్రమున కోర్టు జరిమానా కట్టలేనివారి డ్రైవింగు లైసెన్సులను రద్దు చేయు చట్టముండెను. దానిపై దావా వేసినవారికి తాత్కాలిక ఉత్తర్వు లభించెను. తుది తీర్పు రాకమునుపే రాష్ట్ర శాసనసభ ఆ చట్టమును తొలగించెను. లైసెన్సులు తిరిగి వచ్చినవి, కోరినదంతయు నెరవేరినది. అయినను తాత్కాలిక ఉత్తర్వు తుది గెలుపు కాదు కనుక వారు ఫీజునకు అర్హులు కారని ఏడుగురు న్యాయమూర్తులు చెప్పిరి, ఇద్దరు కాదనిరి. జరిమానా కట్టుటకే డబ్బులేనివారి పక్షమున పనిచేసిన వకీళ్లకు ఫలము దక్కెను, ప్రతిఫలము దక్కలేదు. చివర అడుగు ప్రశ్నలోని లోపము ఇట్టిది. వకీలు మొదటినుండియు జూదగానివలె గెలుపును అంచనా వేసికొని గాని వకాల్తా పుచ్చుకొనడు.

ఇక మన దేశమునకు వత్తము. వింత యేమన్నచో, ఆ 1976వ సంవత్సరమే మనకును ముఖ్యమైనది. అప్పుడు అత్యవసర పరిస్థితి నడచుచుండెను. నిర్బంధమున నున్నవారు తమ స్వేచ్ఛకొరకు కోర్టుకెక్కజాలరని ఆ యేడు ఏప్రిల్ 28న సుప్రీంకోర్టు చెప్పెను. ఆ సంవత్సరాంతముననే నలుబదిరెండవ సవరణ రాజ్యాంగమున 39ఏ అధికరణమును చేర్చెను. ధనలేమివలన గాని, మరి ఏ అశక్తతవలన గాని ఏ పౌరునికిని న్యాయము నిరాకరింపబడకుండ ప్రభుత్వము ఉచిత న్యాయసహాయము నేర్పాటు చేయవలెనని దాని భావము. ఒక చేత తలుపు మూసి, మరియొక చేత తాళపుచెవి చేయించినట్లయినది. ఆ యేడే సివిల్ ప్రొసీజరు కోడును సవరించిరి. పాపరు అను మాట పోయి నిర్ధనుడు అను అర్థముగల మాట వచ్చెను. నూరు రూపాయల హద్దు వేయి రూపాయలయ్యెను. బత్తా మినహాయింపు లభించెను. వకీలు లేని నిర్ధనునికి కోర్టే వకీలు నియమింపవచ్చుననిరి.

అధికరణము వ్రాతలోనుండి వాడుకలోనికి వచ్చుటకు న్యాయమూర్తులు తోడ్పడిరి. 1973లోనే న్యాయసహాయముపై నివేదిక సమర్పించిన కమిటీకి అధ్యక్షుడైన కృష్ణయ్యర్, 1978లో హాస్కోట్ కేసులో, ఖైదీకి అప్పీలుకొరకు వకీలు నిచ్చుట న్యాయమైన విచారణలో భాగమనెను. 1979లో బీహారు జైళ్లలో విచారణలేక మగ్గిన ఖైదీల కేసులో భగవతి అదే మాటను విస్తరించెను. ధనము లేదని ప్రభుత్వము తప్పించుకొనరాదని 1981లో తేలినది. ముద్దాయి అడుగకపోయినను హక్కు పోదని, అజ్ఞానము అనర్హత కాదని 1986లో సుక్‌దాస్ కేసులో తేలినది. 1951లో వట్టి చేతులతో నిలిచినవారికి లేకపోయిన నియమము ముప్పదియైదేండ్లకు ఇట్లు స్థిరపడినది.

ఇది క్రిమినలు కేసుల మాట. సర్కారుమీద సివిలు దావా వేసినవాని యనుభవము తెలియవలెనన్నచో జమ్మలమడుగునకు ఉత్తరమున నున్న కోయిలకుంట్లను తలచుకొనవలెను. 1858వరకు ఆ తాలూకా కడప జిల్లాలోనిదే. 1977 మే 5, 6 తేదీల నడిమి రాత్రి కోయిలకుంట్ల సబ్‌జైలులోనికి కొందరు చొరబడి ఒక గదిలోనికి బాంబులు విసరిరి. రిమాండులో నున్న చల్లా చిన్నప్పరెడ్డి మరణించెను. అదే గదిలోని అతని కుమారుడు రామకృష్ణారెడ్డి గాయములతో బయటపడెను. కుటుంబమువారు పది లక్షల రూపాయల నష్టపరిహారమునకు ప్రభుత్వముపై దావా వేసిరి. గడువు దాటిన పిమ్మట దావా వేసిరనియు, జైలు నడుపుట సార్వభౌమాధికారమునకు చెందినది కనుక పరిహారము రాదనియు ప్రభుత్వము వాదించెను. మొదటి కోర్టు గడువు కారణముగా దావా కొట్టివేసెను. 1989నాటి తీర్పులో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు దానిని త్రోసిపుచ్చి, ప్రాణరక్షణ హక్కు ముందు సార్వభౌమత్వపు సాకు చెల్లదని చెప్పి, 1,44,000 రూపాయలను వడ్డీతో ఇప్పించెను. ప్రభుత్వము సుప్రీంకోర్టుకు పోయెను. 2000 ఏప్రిల్‌లో ఆ కోర్టు హైకోర్టు తీర్పునే స్థిరపరచెను.

ఆ రాత్రికిని ఆ తుది తీర్పునకును నడుమ ఇరువదిమూడేండ్లు గడచినవి. మూడు కోర్టుల మెట్లెక్కవలసి వచ్చినది. ప్రభుత్వమునకు ప్లీడరు ఫీజు ఖజానానుండి వచ్చును. పౌరునికి సొంత సంచినుండి పోవలెను. చెరసాలలో నున్నవానికిని ప్రాణహక్కు కలదన్న సూత్రము ఈనాడు దేశమంతటికి ఉపయోగపడుచున్నది. ఆ సూత్రమును సాధించుట అయినవారి ఖర్చు.

ఇట్టి గెలుపులలో వకీలు ఖర్చు ఎదుటిపక్షముమీద వేయుటకు మన శాసనమున దారి లేకపోలేదు. సివిల్ ప్రొసీజరు కోడు 35వ సెక్షను ప్రకారము సామాన్యముగా ఓడినవాడే ఖర్చు లిచ్చుకొనవలెను. అట్లు కాదన్నచో కోర్టు కారణము వ్రాయవలెను. చూచుటకు ఇది ఇంగ్లండు పద్ధతియే. కాని డిక్రీలో చేర్చు వకీలు ఫీజు నియమావళి ప్రకారము కట్టిన లెక్క. కక్షిదారు నిజముగా నిచ్చుకొన్నది కాదు. ఢిల్లీ హైకోర్టు ఒక కేసులో అసలు ఖర్చు క్రింద 45 లక్షలకు పైగా ఇప్పించగా, నియమములు అందుకు అనుమతింపవని 2011లో సుప్రీంకోర్టు రద్దుచేసెను. వాస్తవమైన ఖర్చులు దొరకునట్లు నియమములు మారవలెనని ఆ కోర్టే సూచించెను.

రిట్టులలో మాత్రము న్యాయమూర్తులు అప్పుడప్పుడు మార్గము చూపిరి. పోలీసు నిర్బంధమున కుమారుని పోగొట్టుకొన్న ఒరిస్సా తల్లి నీలావతి బెహరా 1988లో ఉత్తరము వ్రాయగా సుప్రీంకోర్టు దానినే పిటిషనుగా స్వీకరించెను. 1993లో ఆమెకు లక్షా యేబదివేల పరిహారముతోబాటు, న్యాయసహాయ కమిటీకి పదివేల రూపాయల ఖర్చులు రాష్ట్రమే చెల్లించవలెననెను. తమిళనాడులోని వేలూరు ప్రాంతపు తోళ్ల కర్మాగారముల కేసులో 1996లో న్యాయవాది ఎం. సి. మెహతాకు ఫీజు, ఇతర ఖర్చుల క్రింద యేబదివేల రూపాయలు ఇమ్మని ఆ రాష్ట్ర ప్రభుత్వమును ఆదేశించెను. ఇవి మెచ్చదగిన ఉదాహరణములు. కాని ఇవి న్యాయమూర్తుల విచక్షణవలన వచ్చినవి; ఫలానివానికి ఇది తప్పక వచ్చునని ముందే చెప్పగల నియమము కాదు.

మన దేశము నియమముగా ఏర్పరచినది గడపవద్ది ప్రశ్ననే. 1987లో చేసి 1995 నవంబరు 9న అమలులోనికి తెచ్చిన న్యాయసేవాధికార సంస్థల చట్టము 12వ సెక్షనులో అర్హులను వరుసగా చెప్పినది. షెడ్యూల్డు కులములవారు, తెగలవారు, స్త్రీలు, పిల్లలు, మనుష్య విక్రయమునకు గాని వెట్టికి గాని గురియైనవారు, వికలాంగులు, పారిశ్రామిక కార్మికులు, నిర్బంధమున నున్నవారు, మహావిపత్తు, జాతికలహము, కులదౌర్జన్యము, వరద, కరవు, భూకంపము, పారిశ్రామిక ప్రమాదము మొదలగువానివలన తమ తప్పిదము లేకయే దుఃస్థితి పాలైనవారు. వీరెవ్వరికిని ఆదాయపు హద్దు లేదు. తక్కినవారికి మాత్రము ప్రభుత్వము నిర్ణయించిన ఆదాయ పరిమితి యున్నది. సుప్రీంకోర్టు వ్యవహారములకు అది ఏటికి అయిదు లక్షల రూపాయలు. ఆదాయమును గూర్చి దరఖాస్తుదారు ఇచ్చు ప్రమాణపత్రమునే సాక్ష్యముగా గైకొనవచ్చునని 13వ సెక్షను చెప్పుచున్నది. కట్టుబట్టలు లెక్కించిన కాలమునకును దీనికిని ఎంత అంతరము!

పై వరుసలో రెండు మాటలు మన సీమవారు గుర్తుంచుకొనదగినవి. మొదటిది స్త్రీ యను మాట. ధనికురాలా, బీదరాలా అను విచారణ లేదు. ప్రొద్దుటూరు అంగడివీధిలోని యిల్లాలైనను, పులివెందుల ప్రాంతపు నిమ్మతోటలో కాయలు కోయు కూలిమనిషియైనను, స్త్రీ కావుటయే అర్హత. రెండవది కరవు అను మాట. రాయలసీమకు కరవు చుట్టమువలె వచ్చిపోవునదని అందరెరుగుదురు. వాన తప్పి వేరుసెనగ యెండిపోయి దుఃస్థితి పాలైన రైతు, బ్యాంకుతోనో బీమా కంపెనీతోనో సర్కారుతోనో వ్యాజ్యమాడవలసి వచ్చినచో, కరవు బాధితుడన్న కారణముననే సహాయము కోరవచ్చును. పంట పోయినవాడు పరువు పోవునని వెరవనక్కరలేదు. శాసనము వానిని యాచకునిగా కాక అర్హునిగా పిలిచినది.

షెడ్యూల్డు కులములపై, తెగలపై జరుగు దౌర్జన్యముల కేసులలో మరియొక యేర్పాటున్నది. ఆ కేసులు సర్కారు ప్లీడరే నడపును. అయినను బాధితులు కోరినచో జిల్లా మేజిస్ట్రేటు ప్రముఖుడైన సీనియరు న్యాయవాదిని నియమించి ఫీజు చెల్లించవచ్చునని 1995నాటి నియమములు చెప్పుచున్నవి. ఈ అవకాశమును అడిగి పుచ్చుకొనవలెను; తెలియనివాడు అడుగలేడు.

గడపవద్ది ప్రశ్నలోను లోపములు లేకపోలేదు. ఇంటిలో మగ్గము పెట్టుకొని పెట్టుబడిదారుకు బట్ట నేయువాడు పారిశ్రామిక కార్మికుడా? కాదన్నచో అతడు ఆదాయపు లెక్కకు నిలువవలెను. ఆదాయపు హద్దు కొద్దిగా దాటిన చిన్న గుమాస్తా, పెద్ద వకీలు ఫీజు నీయలేడు, ఉచిత వకీలును పొందలేడు. నియమించిన వకీలుకు ఇచ్చు ప్రతిఫలము ప్రభుత్వ నిధినుండి వచ్చును. హక్కును భంగపరచినవాని సంచినుండి రాదు. తప్పు చేసినవానికి ఖర్చు తగులకున్నచో మరల తప్పు చేయుటకు జంకు ఎచ్చటిది? ఈ యొక్క విషయమున అమెరికా పద్ధతి మేలనిపించును. అచ్చట ఫీజు సహాయము మాత్రమే కాదు, శిక్షవంటిది కూడ.

లోక్ అదాలతులో రాజీపడినచో కట్టిన కోర్టు ఫీజు తిరిగి వచ్చును. సరిహద్దు తగవులకు, బాకీలకు అది దివ్యమైన మార్గము. కాని పౌరహక్కు దావాలో రాజీకి ముందు ఒక్క క్షణము నిలిచి యోచింపవలెను. అమెరికాలోను 1986లో ఇదే ధర్మసంకటము వచ్చినది. వాదులు కోరినదంత యిత్తుము, వకీలు ఫీజు వదలుకొనుడు అని ప్రతివాదులు బేరమాడిరి. అట్టి బేరము చెల్లునని సుప్రీంకోర్టు చెప్పెను. ఆనాడు కక్షిదారు గెలిచెను. కాని తరువాతి కక్షిదారునకు వకీలు దొరకుట కష్టమాయెను.

మా యభిప్రాయమున ఈ రెండు ప్రశ్నలలో ఏ యొక్కటియు తనంత తాను చాలదు. గడపవద్ద 'నీవెవరవు?' అని యడుగుట బలహీనుని లోనికి రానిచ్చుటకు, చివర 'గెలిచినదెవరు?' అని యడుగుట బలవంతునిచేత ఖర్చు కట్టించుటకు. మొదటిది మాత్రమే యున్నచో తప్పు చేసినవాడు తేలికగా తప్పించుకొనును. రెండవది మాత్రమే యున్నచో గెలుపు నిశ్చయము కాని న్యాయమైన దావాను ముట్టువాడుండడు. కోయిలకుంట్ల వ్యాజ్యము మొదటి కోర్టులో ఓడిపోయిన దావా. అంతటితో ఖర్చుకు వెరచి ఆగిపోయినచో, చెరసాలలోని ప్రాణమునకు విలువ కట్టిన ఆ తీర్పు వచ్చియుండెడిది కాదు.

శాసనమున మార్పు వచ్చువరకు మన చేతిలో నున్నది మనము వాడుకొనవలెను. ప్రొద్దుటూరు, జమ్మలమడుగు, పులివెందుల కోర్టుల ఆవరణములలో మండల న్యాయసేవా సంఘములున్నవి. కడపలో జిల్లా సంస్థ యున్నది. తెల్లకాగితముమీద తన సంగతి వ్రాసి యిచ్చిన చాలును. వ్రాయలేనివాడు చెప్పిన చాలును, అచ్చటివారు వ్రాసికొందురు. ఇంటనుండియే 15100 అను సంఖ్యకు ఫోను చేయవచ్చును. తిరుమల కొండకు గడప కనుక మన జిల్లాకు కడపయను పేరు వచ్చెనని పెద్దలందురు. న్యాయమునకును ఒక గడప యున్నది. దానిని దాటు అర్హత తమకున్నదని ఎరుగక బయటనే నిలిచినవారు మన యిరుగుపొరుగున ఎందరున్నారో, ఈ మాటలు విన్నవారు ఒక్కొక్కరు ఒక్కొక్కరికి చెప్పినచో వారి సంఖ్య తగ్గును.